ఒకే ఆల్బమ్, మూడు సీడీలు: ఏది ఉంచాలి, ఏది ఇచ్చేయాలి?

కృష్ణాతీరం (విజయవాడ)
అందరికీ నమస్కారం. ఈ వేదికను చాలాకాలంగా చదువుతున్నాను, రాయడం మాత్రం ఇదే మొదటిసారి. మా మేనమామ ఇరవై ఏళ్లకు పైగా మస్కట్‌లో ఉద్యోగం చేసి తిరిగి వచ్చారు. ఇప్పుడు చిన్న ఇంటికి మారుతూ, రెండు అట్టపెట్టెల నిండా ఉన్న పాప్ సంగీతం సీడీలను నాకు అప్పగించారు. దాదాపు 140 ఉన్నాయి. సర్దుతుంటే మైకేల్ జాక్సన్ ‘బ్యాడ్’ మూడు కనిపించాయి. ఒకదాని వెనక 1987 అని ఉంది. రెండోది 2001లో వచ్చిన స్పెషల్ ఎడిషన్. మూడోది ‘బ్యాడ్ 25’ అనే లావుపాటి సెట్టు.

ఒకే ఆల్బమ్ మూడెందుకని ఇంట్లో అడుగుతున్నారు. కొత్తదాంట్లో పాతవన్నీ ఉంటాయి కదా, మిగతా రెండూ ఎవరికైనా ఇచ్చెయ్యమని మా అమ్మ మాట. నిజానికి నాకూ జవాబు తెలియదు. మావయ్య ఏదీ ఊరికే కొనే మనిషి కాదు. ఇచ్చేసే ముందు తెలిసినవాళ్లను అడుగుదామని ఇక్కడికి వచ్చాను.

వెండిపళ్లెం (హైదరాబాద్)
కృష్ణాతీరం గారూ, దయచేసి ఆ మూడింటిలో ఏదీ ఇవ్వకండి. అవి మూడూ ఒకే ఆల్బమ్ కావు. ఇది మాటవరసకు చెప్పడం లేదు, వింటే మీకే తెలుస్తుంది.

‘బ్యాడ్’ 1987 ఆగస్టు 31న విడుదలైంది. ఎల్పీ రికార్డులో, క్యాసెట్‌లో పది పాటలే ఉండేవి. సీడీ కొన్నవాళ్లకు మాత్రం పదకొండోదిగా ‘లీవ్ మీ ఎలోన్’ దొరికింది. అంటే ఆ రోజుల్లో సీడీయే ఒక ప్రత్యేక సంచిక. ఆ తర్వాత ముద్రణ మారుతున్నకొద్దీ కొన్ని పాటల మిక్స్, అంటే గొంతును, వాయిద్యాలను కలిపిన తీరు, మారింది. ‘స్మూత్ క్రిమినల్’ మొదట్లో ఎవరో పరుగెత్తుకొచ్చినట్లు ఊపిరి పీల్చే శబ్దం తొలి ముద్రణల్లో వినిపిస్తుంది, తరువాతివాటిలో వినిపించదు. ‘బ్యాడ్’, ‘ది వే యూ మేక్ మీ ఫీల్’ పాటలకూ ఇలాగే వేరే మిక్స్‌లు వచ్చి చేరాయి. ఇక ‘ఐ జస్ట్ కాంట్ స్టాప్ లవింగ్ యూ’ పాటకు ముందు జాక్సన్ మెల్లగా మాట్లాడే మాటలు 1987 సీడీలో ఉంటాయి, 2001 సీడీలో తీసేశారు. మీ దగ్గరున్న పాతది ఇచ్చేస్తే ఆ మాటలు కూడా మీ ఇల్లు దాటి వెళ్లిపోతాయి.

ఒక జాగ్రత్త. వెనక 1987 అని అచ్చు వేసినంత మాత్రాన అది 1987లో తయారైన సీడీ అనుకోకూడదు. ఆ సంవత్సరం హక్కులది. సీడీని వెనక్కి తిప్పి, మధ్య రంధ్రం చుట్టూ అద్దంలా మెరిసే వలయాన్ని దీపం కింద ఏటవాలుగా పట్టుకుని చూడండి. సన్నటి అక్షరాలు, అంకెలు చెక్కి ఉంటాయి. దాన్నే మ్యాట్రిక్స్ నంబర్ అంటారు. అక్కడ గానీ, లోపలి పారదర్శక భాగంలో గానీ ‘ఐఎఫ్‌పీఐ’ (అంతర్జాతీయ రికార్డు కంపెనీల సమాఖ్య) అనే అక్షరాలు కనిపిస్తే అది 1994కు ముందుది కాదు, ఆ సంకేతాలు వాడుకలోకి వచ్చింది అప్పుడే. అవి కనిపించకపోతే పాత ముద్రణ కావడానికి చాలా అవకాశం ఉంది.

స్వరపేటిక (చెన్నై)
నేను కొంచెం వేరుగా చెబుతాను. ధ్వనిముద్రణ నా వృత్తి. ఒకే ఆల్బమ్‌ను స్పెషల్ ఎడిషన్, వార్షికోత్సవ ఎడిషన్, సూపర్ డీలక్స్ అంటూ మళ్లీ మళ్లీ అమ్మడం కంపెనీలకు అలవాటు. జాక్సన్ ‘థ్రిల్లర్’ ఆల్బమ్‌నే తీసుకోండి. 1982లో వచ్చింది. 2001లో స్పెషల్ ఎడిషన్, 2008లో ‘థ్రిల్లర్ 25’, 2022లో ‘థ్రిల్లర్ 40’. అభిమాని నాలుగుసార్లు డబ్బు పెట్టాలి. 2008 సంచికలో అప్పటి గాయకులతో చేయించిన కొత్త రీమిక్స్‌లు అసలు పాటలకు ఏమీ కలపలేదన్నది నా గట్టి అభిప్రాయం.

ధ్వని విషయంలో కూడా కొత్తది మెరుగని అనుకోవద్దు. 2001 నాటి రీమాస్టర్లలో, అంటే పాత రికార్డింగు ధ్వనిని మళ్లీ సర్దిన సంచికల్లో, శబ్దం స్థాయిని పైకి నెట్టారు. వినగానే హుషారుగా ఉంటుంది. కానీ డప్పు దెబ్బకూ దాని వెనకున్న నిశ్శబ్దానికీ మధ్య దూరం తగ్గిపోతుంది. ఆ దూరంలోనే నిర్మాత క్విన్సీ జోన్స్ పనితనం ఉంది. పాత సీడీ పెట్టి వాల్యూమ్ పెంచుకుని వినండి. రెండు సీడీలను పోల్చేటప్పుడు చెవికి రెండూ ఒకే స్థాయిలో వినిపించేలా సర్దుకోవాలి, లేకపోతే గట్టిగా మోగేదే బాగున్నట్లు అనిపిస్తుంది.

వెండిపళ్లెం (హైదరాబాద్)
స్వరపేటిక గారు ధ్వని గురించి చెప్పిన ప్రతి మాటకూ ఒప్పుకుంటాను. కానీ 2001 వరుసను కొట్టిపారేయడం న్యాయం కాదు. ఆ ‘థ్రిల్లర్’ సీడీలో ‘బిల్లీ జీన్’కు జాక్సన్ 1981లో ఇంట్లో చేసుకున్న డెమో, అంటే మచ్చు రికార్డింగు, ఉంది. సాహిత్యం ఇంకా పూర్తి కాలేదు. కొన్నిచోట్ల మాటలు లేక ఏవో అక్షరాలతో రాగం నింపుకుంటూ వెళ్లిపోతాడు. అయినా ఆ బేస్ నడక అప్పటికే ఉంది! ప్రపంచమంతా విన్న పాట ఇంకా పుట్టకముందు ఎలా ఉందో మన గదిలో కూర్చుని వినగలగడం నాకైతే గొప్ప భాగ్యంగా తోస్తుంది. క్విన్సీ జోన్స్, పాటల రచయిత రాడ్ టెంపర్‌టన్ తమ గొంతులతో ఆ రోజులు చెప్పుకుంటారు. ‘థ్రిల్లర్’ పాట చివర నటుడు విన్సెంట్ ప్రైస్ చదివిన పద్యం రికార్డింగు కూడా ఉంది. ఆల్బమ్‌లోంచి తీసేసిన ‘కరౌసెల్’ పాట ముక్క రెండు నిమిషాల లోపే ఉంటుంది, కానీ మొదటిసారి చేతికందింది అందులోనే.

‘ఆఫ్ ది వాల్’ 2001 సంచికలో 1978 నాటి రెండు డెమోలున్నాయి. ‘బ్యాడ్’లో ‘స్ట్రీట్‌వాకర్’, ‘ఫ్లై అవే’, పైగా ‘ఐ జస్ట్ కాంట్ స్టాప్ లవింగ్ యూ’ను స్పానిష్‌లో పాడిన రూపం. అదే వరుసలో ‘డేంజరస్’ ఒక్కటే బోనస్ పాటలు లేకుండా వచ్చింది. రెండో సీడీ వేయాలనుకుని మానేశారు. అది తలచుకుంటే నాకు ఇప్పటికీ బాధే.

షిబుయా సాయంత్రం (టోక్యో)
అన్నలారా, జపాన్ సీడీల సంగతి ఎవరూ ఎత్తలేదు! కృష్ణాతీరం గారూ, మీ మావయ్య గారి పెట్టెల్లో ఎడమ అంచున నిలువుగా కాగితపు పట్టీ చుట్టిన సీడీలేమైనా ఉన్నాయా? జపనీస్ అక్షరాలు, ధర ఉంటాయి. దాన్ని ‘ఓబీ’ అంటారు, కిమోనో నడుముకు కట్టుకునే పట్టీ పేరే అది. చిరిగిన కాగితంలా కనిపించినా పారేయకండి. ఇక్కడి పాత సీడీల దుకాణాల్లో ఓబీ ఉన్న సీడీకీ లేనిదానికీ ధరలో బాగా తేడా ఉంటుంది.

జపాన్ ముద్రణల్లో అదనపు పాటలెందుకు ఉంటాయో ఇక్కడికి వచ్చాకే నాకు అర్థమైంది. ఇక్కడ సంగీతం సీడీలకు కంపెనీ నిర్ణయించిన ధరకే దుకాణాలు అమ్మాలి. విదేశాల నుంచి దిగుమతి అయిన అదే ఆల్బమ్ తక్కువకు దొరుకుతుంది. మరి జనం జపాన్ ముద్రణ ఎందుకు కొనాలి? అందుకని ఒకటో రెండో పాటలు కలిపి, సాహిత్యానికి జపనీస్ అనువాదంతో చిన్న పుస్తకం పెట్టి ఇస్తారు. ‘థ్రిల్లర్ 25’ జపాన్ సంచికలో ‘గాట్ ద హాట్స్’ అనే పాట ఉంది. మిగతా దేశాల వాళ్లు తమ సీడీల్లో అది చూసుకోవడానికి 2022లో ‘థ్రిల్లర్ 40’ వచ్చేదాకా ఆగాల్సి వచ్చింది. అంటే 14 ఏళ్లు!

‘థ్రిల్లర్ 40’ గురించి ఇంకొక్క ముక్క. అందులో ‘బిహైండ్ ద మాస్క్’ డెమో ఉంది. దాని బాణీ ఈ దేశపు సంగీతకారుడు ర్యూయిచి సకమోటోది, ఆయన బృందం ఎల్లో మ్యాజిక్ ఆర్కెస్ట్రా రికార్డు చేసింది. జాక్సన్ దాని మీద తన మాటలు కలిపి ‘థ్రిల్లర్’ రోజుల్లోనే పాడాడు. నేను రోజూ రైల్లో వెళ్తూ అది వింటాను.

పాత క్యాసెట్ (వరంగల్)
చదువుతుంటే కడుపు నిండిపోయింది. మన తెలుగు సినిమా పాటలకు ఇలాంటి భాగ్యం పట్టలేదన్నదే నా దిగులు. రెండు సినిమాలను ఒకే సీడీలో కుక్కి, ఒక కాగితం ముక్క మీద బొమ్మలు వేసి అమ్మారు. వాయిద్యకారుల పేర్లు ఉండవు, రికార్డింగ్ ఎప్పుడు జరిగిందో ఉండదు. బాణీ కట్టేటప్పుడు హార్మోనియం మీద పాడుకున్న ట్రాక్ ఒక్కటైనా ఎవరైనా దాచి ఉంటే, దాన్ని వేస్తే, నేను నా నెల జీతం పెట్టి కొంటాను.

పదమూడు (డాలస్)
నమస్తే అండీ, బహుశా ఇక్కడ అందరికంటే చిన్నదాన్ని నేనే. నావి టేలర్ స్విఫ్ట్ సీడీలు. మీరంతా పాటల గురించి చెబుతున్నారు కాబట్టి నేను కాగితాల గురించి చెబుతాను.

‘1989’ అనే ఆల్బమ్ 2014 అక్టోబరులో వచ్చినప్పుడు ప్రతి సీడీలో పొలరాయిడ్ ఫోటోల నమూనాలో 13 బొమ్మలు పెట్టారు. మొత్తం 65 బొమ్మలు, ఐదు కట్టలు. కవరు తెరిచేదాకా మనకు ఏ కట్ట వచ్చిందో తెలియదు. అప్పుడు నేను గుంటూరులో ఎనిమిదో తరగతి. పెదనాన్నగారు అమెరికా నుంచి తెచ్చిన డీలక్స్ సీడీ ఒక్కటే నాది. ఇక్కడికి చదువుకు వచ్చాక తోటి అభిమానులతో ఒకటికొకటి మార్చుకుంటూ నాలుగు కట్టలు పూర్తి చేశాను. ఐదో కట్టలో ఇంకా రెండు బొమ్మలు రావాలి. ఆ డీలక్స్ సీడీలో మూడు అదనపు పాటలతో పాటు ఆమె ఫోనులో రికార్డు చేసుకున్న మూడు స్వర జ్ఞాపికలున్నాయి, పాట ఎలా పుట్టిందో తనే చెబుతుంది. వెండిపళ్లెం గారు ‘బిల్లీ జీన్’ డెమో గురించి రాసింది చదివినప్పుడు నాకు వెంటనే అవే గుర్తొచ్చాయి.

2019లో ‘లవర్’ ఆల్బమ్‌కు నాలుగు డీలక్స్ సంచికలు వచ్చాయి. పాటలు అవే, కానీ ఆమె చిన్నప్పటి నుంచి రాసుకున్న డైరీ పేజీలు ఒక్కో దాంట్లో ఒక్కో రకం. నాలుగూ కొన్నాను. డబ్బు వృథా అని అన్నవాళ్లున్నారు. నాకు అలా అనిపించలేదు. ఆ పేజీల్లో కొట్టివేతలు చూసే నేను డైరీ రాయడం మొదలుపెట్టాను.

స్వరపేటిక (చెన్నై)
పదమూడు, నీ మాట నా మనసును తాకిందమ్మా. స్వర జ్ఞాపికలు, డెమోలు నేను కూడా ప్రేమించేవే. నా అభ్యంతరం వాటి మీద కాదు, ఉన్న పాటలనే అట్ట మార్చి అమ్మడం మీద. మీ అందరి మాటలూ విన్నాక ఒకటి ఒప్పుకుంటున్నాను: 2001 సీడీలను నేను అసలు ఆల్బమ్ పాటల కోసమే విని పక్కన పెట్టాను. ఈ రాత్రి చివరి భాగం వింటాను.

‘బ్యాడ్ 25’ గురించి మాత్రం కృష్ణాతీరం గారికి ముందే చెప్పాలి. 2012 సెప్టెంబరులో వచ్చిన ఆ సెట్టులో మూడు సీడీలు, ఒక డీవీడీ ఉంటాయి. డీవీడీ 1988 జూలై 16న లండన్ వెంబ్లీ స్టేడియంలో జరిగిన కచేరీ. బొమ్మ మసకగా ఉంటే మీ ప్లేయర్ చెడిందనుకోకండి. జాక్సన్ సొంతానికి దాచుకున్న వీహెచ్ఎస్ టేపు నుంచి తీసిన బొమ్మ అది. రెండో సీడీలో ‘అల్ కపోన్’ అనే పాట వినండి, ‘స్మూత్ క్రిమినల్’కు ముందు రూపం అది. అది విన్న వెంటనే మీ 1987 సీడీలో ‘స్మూత్ క్రిమినల్’ పెట్టండి.

ఉప్పుగాలి (విశాఖపట్నం)
వినే సంగతి మీరు చూసుకుంటున్నారు. నేను దాచుకునే సంగతి చెబుతాను, ఎందుకంటే సముద్రపు గాలి వల్ల నేను పోగొట్టుకున్నవి తక్కువేమీ కాదు.

సీడీలో అతి సున్నితమైన వైపు ఏదని అడిగితే చాలామంది మెరిసే వైపు చూపిస్తారు. అది తప్పు. 1.2 మిల్లీమీటర్ల మందంలో దాదాపు అంతా పాలీకార్బనేట్ ప్లాస్టిక్కే. లేజర్ దాని గుండా వెళ్లి, అవతల ఉన్న పల్చటి లోహపు పొర మీద పడి తిరిగొస్తుంది. ఆ పొర ఉండేది పేరు, బొమ్మ ఉన్న వైపు, ఆ అచ్చు కిందే, వార్నిష్ లాంటి పల్చటి పూత చాటున. మెరిసే వైపు పడ్డ గీతను చాలాసార్లు ప్లేయర్ సర్దుకుంటుంది. పేరున్న వైపు పడ్డ గీత లోహాన్ని లేపేస్తే అక్కడి సంగీతం మళ్లీ రాదు. కాబట్టి పేరున్న వైపు కలంతో రాయకండి, ధర చీటీ అంటించి ఉంటే పీకకండి. తుడవాలంటే మెత్తటి గుడ్డతో మధ్య నుంచి అంచుకు నేరుగా తుడవాలి, గుండ్రంగా కాదు.

రెండోది, సీడీలు రాగి రంగుకు తిరగడం. ఇంగ్లండ్‌లో బ్లాక్‌బర్న్ పట్టణంలోని పీడీఓ కర్మాగారంలో 1988 నుంచి 1993 మధ్య తయారైన సీడీల్లో ఇది బాగా కనిపిస్తుంది. పై పూత సరిగా కాపాడలేకపోయింది, బుక్‌లెట్ కాగితంలోని గంధకం లోహపు పొరను తినేసింది. అంచు నుంచి మొదలై మెల్లగా లోపలికి పాకుతుంది. ఆ కాలపు యూరప్ ముద్రణలు గల్ఫ్ దుకాణాల్లో దొరికేవి కాబట్టి మీ మావయ్య గారి పెట్టెల్లోనూ ఉండొచ్చు. వెనకవైపు తేనెరంగు కనిపిస్తే ఆలస్యం చేయకుండా ఆ సీడీని కంప్యూటర్‌లోకి ఎక్కించండి. ‘ఎగ్జాక్ట్ ఆడియో కాపీ’ అనే ఉచిత సాఫ్ట్‌వేర్ తప్పులు దొర్లకుండా చదువుతుంది. ఎంపీ3 కాకుండా ఎఫ్ఎల్ఏసీ అనే ఫైలు రూపంలో దాచండి, సంగీతంలో ఏమీ తగ్గదు.

బుక్‌లెట్లకు శత్రువులు వెండి పురుగులు. అలమరాలో సిలికా జెల్ పొట్లాలు పెట్టి, రెండు మూడు నెలలకొకసారి మార్చండి. అట్టతో చేసిన చిన్న ఎల్పీలా ఉండే సీడీలకు పీవీసీ కవర్లు వాడకండి. వేడికి అవి జిడ్డు వదులుతాయి. పాలీప్రొపిలీన్ కవర్లు అడిగి కొనండి.

పాత క్యాసెట్ (వరంగల్)
ఉప్పుగాలి గారు రాసినదాన్ని అచ్చు తీసుకుని అలమరా తలుపుకు లోపలివైపు అంటించుకున్నాను.

షిబుయా సాయంత్రం (టోక్యో)
కంప్యూటర్‌లోకి ఎక్కించేవాళ్లకు ఒక చేర్పు. 1982 నుంచి ఎనభైల నడుమ దాకా జపాన్‌లో ముద్రించిన కొన్ని సీడీల్లో పై స్థాయి శబ్దాలను పెంచి రికార్డు చేసేవారు, ప్లేయర్ దాన్ని గుర్తించి తగ్గించుకునేది. దీన్ని ప్రీ-ఎంఫసిస్ అంటారు. కంప్యూటర్‌లోకి నేరుగా ఎక్కిస్తే ఆ తగ్గింపు జరగక పాట కీచుగా వినిపించవచ్చు. సీడీ పాడైందని పారేయకండి. మొట్టమొదటి వరుస సీడీలు 1982 అక్టోబరు 1న ఇక్కడే అమ్మకానికి వచ్చాయి. వాటిలో మొదటి సంఖ్య ‘35డీపీ-1’, అమెరికా గాయకుడు బిల్లీ జోయెల్ ఆల్బమ్. ఆ 35 ఏమిటంటే ధర, 3,500 యెన్‌లు. సంఖ్యలోనే ధర దాచిన ఆ పాత సీడీలను ఇక్కడి దుకాణాల్లో చూస్తే చేత్తో తాకకుండా రాలేను.

కృష్ణాతీరం (విజయవాడ)
అందరికీ కృతజ్ఞతలు. రెండు రోజులు ఇదే పనిగా కూర్చున్నాను. తెలిసినంతవరకు చెబుతాను.

1987 సీడీని దీపం కింద పెట్టి చూశాను. ఐఎఫ్‌పీఐ అక్షరాలు ఎక్కడా లేవు. ‘స్మూత్ క్రిమినల్’ పెట్టాను. వెండిపళ్లెం గారూ, ఊపిరి శబ్దం ఉంది! గుండె చప్పుడుతో పాటు వినిపించింది. అమ్మను పిలిచి 2001 సీడీ కూడా పెట్టాను. తనే అంది, ‘ఇందులో ఆ రొప్పు లేదేమిటి?’ అని. ఆ తర్వాత ఇచ్చెయ్యమనే మాట ఎత్తలేదు. స్వరపేటిక గారు చెప్పినట్లే ‘అల్ కపోన్’ విని వెంటనే ‘స్మూత్ క్రిమినల్’ విన్నాను. ఆ రాత్రి నాకు నిద్ర పట్టలేదు.

పెట్టెల్లో ఓబీ ఉన్నవి ఆరు దొరికాయి. రెండు సీడీల అంచులు తేనెరంగుకు తిరిగాయి, రెండింటి మీదా పీడీఓ అని ఉంది. ఇంకా అంతరాయం లేకుండా పాడుతున్నాయి. ఈ పూటే ఎక్కించేశాను.

మావయ్యకు ఫోన్ చేసి మూడు ఎందుకు కొన్నారని అడిగాను. చాలాసేపు మాట్లాడారు. 1987లో మస్కట్‌లో మొదట కొన్నది క్యాసెట్ అట. పక్క గదిలో ఉండే కేరళ మిత్రుడి దగ్గర సీడీ ఉండేదట, అందులో ‘లీవ్ మీ ఎలోన్’ విని, తన క్యాసెట్‌లో ఎంత వెతికినా లేదట. ఆ ఒక్క పాట కోసం జీతం కూడబెట్టి సీడీ ప్లేయర్ కొన్నారట, దానితో పాటు కొన్న మొదటి సీడీ ఇదేనట. 1996 నవంబరు 1న బొంబాయి అంధేరీలో జాక్సన్ కచేరీ జరిగినప్పుడు సెలవు దొరకక రాలేకపోయారు. అందుకే ‘బ్యాడ్ 25’ డీవీడీ కోసం ఆ సెట్టు తెప్పించుకున్నారు. 2001 సీడీ మాత్రం మా అత్తయ్య పుట్టినరోజు కానుకగా ఇచ్చిందట. అత్తయ్య ఇప్పుడు లేరు.

ఆ క్యాసెట్ కూడా పెట్టె అడుగున దొరికింది. ఆదివారం మావయ్య వస్తున్నారు, మొదట అదే వినాలని ఉందన్నారు. మా ఇంట్లో ఉన్న పాత టేప్ రికార్డర్ మోటారు తిరుగుతోంది కానీ చక్రాలు కదలడం లేదు. లోపల బెల్టు జావలా కరిగిపోయింది. ఇప్పుడు అలాంటి బెల్టులు ఎక్కడ దొరుకుతాయి?

వెండిపళ్లెం (హైదరాబాద్)
ఆ 2001 సీడీ మీద ఏదైనా రాసి ఉంటే, చీటీ ఉంటే, అలాగే ఉంచండి.

పాత క్యాసెట్ (వరంగల్)
కృష్ణాతీరం గారూ, నా దగ్గర నాలుగైదు రకాల బెల్టులున్నాయి. ముందు కరిగిన జిగురును స్పిరిట్‌తో తడిపిన దూదితో చక్రాల మీద నుంచి పూర్తిగా తుడిచేయండి, కొంచెం మిగిలినా కొత్త బెల్టు జారుతుంది. తర్వాత ఒక దారం తీసుకుని, బెల్టు వెళ్లే దారిలోనే చక్రాల చుట్టూ తిప్పి, బిగుతుగా పట్టుకుని కొలవండి. బెల్టు ఆ కొలత కంటే కొంచెం చిన్నదిగా ఉండాలి. కొలతా, మీ చిరునామా విడిగా సందేశంలో పంపండి. రేపు ఉదయం కొరియర్‌లో వేస్తే శనివారానికి అందుతుంది.